రాబిన్‌కు రాని బిరుదు

ఈ ఉదయం సీసా మూత తీయగానే చేదు నారింజ తొక్కల వాసన గుప్పుమంది. అమెరికాలోని నోవైలో గడిచిన నా చిన్నప్పటి చలికాలాలన్నీ ఒక్కసారిగా గుర్తొచ్చాయి.

మంచు మోకాలిదాకా పేరుకున్న రోజుల్లో మా పక్కింటి ఎడ్వర్డ్ అంకుల్, నాన్నతో కార్ల కంపెనీలో పనిచేసే ఇంగ్లండ్ ఆయన, ఆ తొక్కలతో పెద్ద గిన్నెడు మార్మలేడ్ అనే జామ్ కాచి మాకూ పంపేవాడు. ఆరు నెలలుండి పోదామని వచ్చిన మా నాయనమ్మ అందులో ఇంత కారం కలిపి దిబ్బరొట్టెకు నంజుకునేది. ఎడ్వర్డ్ అంకుల్ పూర్వీకుడెవరో రాజుగారి సైనికులకు జీతాలిచ్చి సంపాదించిన 'సర్' బిరుదు తండ్రి నుంచి కొడుక్కి దిగుతూ ఆయనదాకా వచ్చింది. భార్య పోయిన ఆయనకు రాబిన్ ఒక్కడే, నెలల పిల్లాడప్పుడు తెచ్చి పెంచుకున్నవాడు. మేం మంచుకోట కట్టి ఆడితే వాడెప్పుడూ రాజు, నేను కాపలా.

ఒక ఆదివారం వాళ్లిద్దరూ మా ఇంట్లో గారెలు తింటుంటే, బిరుదు సంగతి విని నాయనమ్మ మురిసిపోయింది. మా తాతయ్యా దత్తుడే, ఊరి కరణీకం ఆయనకు అలాగే వచ్చింది మరి.

"అయితే ఈయన తర్వాత సర్ మన బుల్లోడేగా? అడగవే!" అంది. నేను ఇంగ్లీషులో అడిగేశాను.

రాబిన్ నవ్వుతూ తండ్రి వైపు చూశాడు. ఎడ్వర్డ్ అంకుల్ చేతిలో గారె అలాగే ఉండిపోయింది.

"కడుపున పుట్టినవాళ్లకేరా. నీకెప్పుడో చెప్పాల్సింది, నోరు రాలేదు" అన్నాడు ఇంగ్లీషులో, మెల్లగా. పెంచుకున్నారని వాడికి తెలుసు. తేడా ఉందని తెలియదు. కోటైనా వేసుకోకుండా మంచులోకి వెళ్లిపోయాడు.

"నా నోరు పడిపోను! తలకొరివి పెట్టేవాడు కొడుకు కాకపోవడమేమిట్రా?" అని నాయనమ్మ నాన్న దగ్గర ఏడ్చింది. మళ్లీ మార్మలేడ్ ముట్టలేదు. రాబిన్ మళ్లీ మంచుకోటకు రాలేదు. అడిగిన నోరు నాది కాబట్టి నాకూ వాడి గుమ్మం తొక్కే ధైర్యం చాల్లేదు.

నాయనమ్మ ఇండియా తిరిగి వెళ్లాక ఎప్పుడు ఫోన్ చేసినా అడిగేది వాడి సంగతే. కొన్నేళ్లకు ఎడ్వర్డ్ అంకుల్ పోయాడు. అంత్యక్రియలు రాబినే చేశాడు. బిరుదు మాత్రం ఆయన ముఖమైనా ఎరగని దాయాదికి పోయింది.

"వాడికే ఇచ్చారు నాయనమ్మా" అన్నాను ఫోన్‌లో.

"అమ్మయ్య, బతికించావే" అంది.

ఇప్పుడు ఆమె లేదు, కరణీకాలూ లేవు. రాబిన్ మాత్రం తండ్రి పోయినప్పటి నుంచీ ఆయన గిన్నెలోనే మార్మలేడ్ కాచి ఏటా నాకో సీసా పంపుతాడు. ఇవాళ ఫోన్ చేసి ఆ అబద్ధం సంగతి చెప్పేశాను.



"ఆవిడ నమ్మిందా?" అని మాత్రం అడిగాడు రాబిన్.