తెరమీదికి రాకముందే అరిచిన ఏనుగు

మత్తిగిరి ముత్యాలప్ప నోరు తెరిస్తే గొర్రెలు కూడా మేత మానేసి వింటాయని ఊళ్ళో చెప్పుకునేవాళ్ళు. గొర్రెల కాపరుల బిడ్డ. పశువుల ఫారంలో మేస్త్రీ దగ్గినా, బస్సులో కండక్టరు కసిరినా, పొద్దు గూకేసరికి అది వీడి గొంతులో పలికేది. డెబ్బైలలో హోసూరు టెంటు టాకీసులో గాజు పలకల మీద ప్రకటనల బొమ్మలు వేసే పనికి కుదిరాడు. రీలు తెగి జనం ఈలలు వేస్తుంటే మైకు అందుకుని నవ్వించేవాడు. కొన్నాళ్ళకు రీలు తెగితేనే బాగుణ్ణు అనుకునేవాళ్ళు ఎక్కువయ్యారు!

గాజు పలకల బొమ్మల్ని తెరమీద చూపే, టాకీసువాళ్ళు మూలన పడేసిన స్లైడు మిషను, బెంగుళూరులో కొన్న పాత టేపురికార్డరు, తాను వేసిన బొమ్మలు, తన నోరు. వీటితోనే ఒక పూటంతా జనాన్ని కూర్చోబెట్టాలని వాడి పంతం. అలాంటి ఆటకు మా వైపు అప్పటికింకా పేరే లేదు.

హోసూరు బజారులో మైకుసెట్లు అద్దెకిచ్చే వాసుదేవశెట్టికి నమ్మకం కుదరలేదు.

"ఏమప్పా, హరికథ కాదు, నాటకం కాదు. కథే లేకుండా ఒక్కడు నిలబడి మాట్లాడితే ఎవడు వింటాడు? ఒకతూరి సెట్టు ఇస్తాను. జనం నడమ లేచిపోయినారో, మళ్ళా నా అంగడి మెట్టు ఎక్కొద్దు. బోర్డులు రాసుకుని బతుకు."

"ఒక్కడు లేచినా నన్నడుగన్నా!"

ఎనభై మూడులో, రాగి కోతల కాలం. డెంకణికోట దగ్గర అడవంచు పల్లె. కళ్ళంలో పంచె కట్టి తెర చేశారు. చీకటి పడగానే ఊరు ఊరంతా దిగింది. ఏనుగులు మేసిన పంటల నష్టం అర్జీల మీద దయ చూపుతాడేమోనని పెద్దలు ఫారెస్టు అధికారిని పిలిచి ముందు వరసలో కుర్చీ వేశారు. మైకుసెట్టు పక్కనే వాసుదేవ, లేచేవాళ్ళ కోసం కాచుకుని!

తెరమీద ఫ్యాక్టరీ గేటు, దాని ముందు ఖాకీ చొక్కా మనిషి బొమ్మ పడింది. ముత్యాలప్ప మైకు అందుకున్నాడు.

"ఈయన మా మామప్పా! ముందు తన చేనికి కావలి ఉండె. చేను ఫ్యాక్టరీకి పోయినాక అదే చేనికి వాచ్‌మన్ పని ఇచ్చినారు. తేడా ఒకటే. ఇప్పుడు ఆయప్పనే లోపలికి పోనియ్యరు!"

కళ్ళం గొల్లుమంది. ముత్యాలప్పకు ఒళ్ళు గాల్లో తేలింది. తరువాతి బొమ్మ ఏనుగు. దాని ఘీంకారం, తానే లారీ హారను గొట్టంలో ఊది టేపులో ఎక్కించింది. ముందు అరుపు, ఆనక బొమ్మ, అప్పుడు మజా అనుకుని మీట నొక్కాడు.

మత్తిగిరివాడికి తెలియనిది ఒకటుంది. అడవంచున రాగి పండే రోజుల్లో ఘీంకారం వినబడితే, చేను ఎవరిదని అడగరు. ఊరంతా డబ్బాలు, దివిటీలు పట్టుకుని పరుగెత్తాల్సిందే. అది అక్కడి కట్టుబాటు.

ఒక్క క్షణంలో కళ్ళం ఖాళీ!

"కూర్చోండప్పా! నేనే, నేనే అరిచింది!" మైకులో మొత్తుకున్నా వినేవాడు లేడు. అధికారి జీపులో దూరి అద్దాలెత్తుకున్నాడు. వాసుదేవ వైర్లు పీకబోయాడు.

ముత్యాలప్ప గబగబా హారను గొట్టం తీసి మైకు దగ్గర ఊదాడు. ఊరంతా వినబడేటట్టు మళ్ళీ మళ్ళీ ఊదాడు. అరుపు అడవిలోంచి కాదు, మైకులోంచని తెలిసి పరుగులు ఆగాయి. డబ్బాలతో జనం వెనక్కి వచ్చి చూస్తే, బుగ్గలు పొంగించుకుని వీడు!

"నీ నోట్లో మన్ను పడ!" అరిచింది కెంచమ్మ. నిరుడు ఆమె చేనంతా ఏనుగుల పాలైంది. "నా పానం పోయింది గదరా!"

"అమ్మా, నిరుడు నీ చేను నిజం ఏనుగు తినె. అర్జీ పెడితే ఎవురన్నా వచ్చినారా?"

"యాడొచ్చినారు!"

"నా ఏనుగు మేలు. ఒకతూరి అరిస్తే చాలు, చూడు, ఆఫీసరు జీపులో రెడీగా ఉండాడు!"

డబ్బాలు మోగాయి. నవ్వు, కేకలు, ఈలలు, అడవి దద్దరిల్లింది. అధికారి జీపు దిగి, "ఆపండి ఈ ఆట!" అన్నాడు. వాసుదేవ చెయ్యి మళ్ళీ వైరు మీదికి పోయింది. కెంచమ్మ వచ్చి మైకుసెట్టుకు ఆనుకుని చతికిలబడింది. ఆమె వెనక ఆడవాళ్ళంతా.

"వైరు ఎట్ల తీస్తావో తియ్యి శెట్టీ, చూస్తాము. మా మాట ఈయప్ప చెప్తా ఉండాడు. కడదాకా వినల్ల."

నష్టపోయినవాళ్ళు నవ్వడం మొదలుపెడితే ఆపే చట్టం ఏ అధికారి దగ్గరా లేదు. ఆయన మళ్ళీ కుర్చీలో కూర్చోవలసి వచ్చింది.

"అందరూ లేచిరి గదప్పా," అన్నాడు వాసుదేవ మెల్లగా.

"లేచిరన్నా. డబ్బాలు తెచ్చుకుని మళ్ళా వచ్చిరి!"

వాసుదేవ వైరు వదిలి, నేలమీదే కెంచమ్మ పక్కన కూర్చున్నాడు. "కుందారపల్లిలో సంత రోజు ఆడితే జనం బాగా వస్తారు," అన్నాడు తెర వైపు చూస్తూనే. "తరువాతి బొమ్మ ఎయ్యి."