గేటు ముందు బీడీల చాట

అటక మీది సామాను దించుతుంటే నాయినమ్మ బీడీల చాట చేతికొచ్చింది. చుట్టిన చేతులు పోయి ఇన్నేళ్లయినా వెదురు సందుల్లో ఇరుక్కున్న తంబాకు వాసన పోలేదు. ముక్కు దగ్గర పెట్టుకోగానే తుమ్మొచ్చింది, తుమ్ము వెనకే కథలాపూర్ దగ్గరి మా ఊరు, తడిగుడ్డలో చుట్టిన తునికాకు, మూతికి గుడ్డ కట్టి ఎండలో పెట్టిన మామిడికాయ తొక్కు జాడీ, అరుగు మీద మా అష్టాచెమ్మా గీతలు, వాటి పక్కనే చాట ఒళ్లో పెట్టుకుని వచ్చేపోయే వాళ్లందరినీ కళ్లు చికిలించి చూసే నాయినమ్మ, అన్నీ వచ్చాయి.

నాయినమ్మకు అందరి మీదా అనుమానమే. పాలలో నీళ్లు సరే, నీళ్లలో కూడా ఏదో కలిపారనే రకం. ఆ గుణం నాకూ అబ్బింది, ఒప్పుకుంటాను. అలాంటి ఇంటికి ఒక ఎండాకాలం, అక్క ఇంటర్ పాసైన కొన్నాళ్లకు, సరోజన టీచర్ వచ్చింది. మా బడికి కొత్తగా వచ్చిన మనిషి, సిరిసిల్లలో మగ్గాల చప్పుడు మధ్య పెరిగింది, పెళ్లి చేసుకోలేదు. ఆడపిల్లలు డిగ్రీ చదవాలని మా చుట్టుపక్కల ఇల్లిల్లూ తిరిగి చెప్పిన మొదటి మనిషి ఆమేనని ఇప్పుడు తెలుసు. అప్పుడు మాకున్న అనుమానమల్లా సిరిసిల్లామెకు మా ఇంట్లో ఏం పని అనే.

ఆమె అక్క పక్కన చాప మీద కూర్చుని, బీడీలు చుట్టే వేళ్లను కాసేపు చూసింది. పేపరిచ్చి చదివించింది. ముందు ముందు ఏం చేద్దామనుకుంటున్నావని అడిగింది. మా వైపు పిల్లను చూడవచ్చిన వాళ్లు చేసేది సరిగ్గా ఇదే: చేతిపని చూస్తారు, ఏదో చదివిస్తారు, గొంతు వింటారు. నాయినమ్మ గబుక్కున లోపలికి పోయి సర్వపిండి కాల్చి, నూనె కాస్త ఎక్కువే పోసి తెచ్చి ముందు పెట్టింది. ఆమె తినేదాకా ఆగి, మెల్లగా కదిలించింది.

"పిలగాడు ఏం జేస్తడు బిడ్డా?"

"ఏ పిలగాడు అవ్వా? నేనచ్చింది పిల్లను కోరుట్ల కాలేజిల చేర్పిద్దామని."

నాయినమ్మ ముఖం మాడిపోయింది. సర్వపిండి దండగైందన్న బాధ కంటే, పెళ్లి మాట లేకుండా ఒక పిల్ల గురించి ఇంత ఆరా తీసే మనిషి ఉంటుందన్నదే ఆమెకు మింగుడుపడలేదు. "మంది పిల్లలను బస్సెక్కిస్తె గామెకేం లాభం?" అని కనబడ్డ వాళ్లందరినీ అడిగింది. అక్క రెండు పూటలు అన్నం ముట్టలేదు. చుట్టిన బీడీలన్నీ వదులైపోయి విడిపోయాయి. నాన్న ఎప్పటిలాగే నిర్ణయం తన తల్లి మీదికి నెట్టి తప్పుకున్నాడు. నాయినమ్మ కాదంటే అక్క చదువు అక్కడితో సరి.

మొదటి వానలు పడ్డాక నాయినమ్మ తేల్చింది. "పోనియ్యి. కని నేను సుత ఎంబడి పోత. అండ్ల ఏం జరుగుతదో సూస్త."

బీడీల పని ఎక్కడికైనా మోసుకుపోయేదే కదా. రోజూ అక్కతో బస్సెక్కి, కోరుట్లలో కాలేజీ గేటు ముందు గోడ నీడన చాట పెట్టుకుని కూర్చునేది. సెలవు దొరికితే నేనూ పక్కనే. లోపలికి పోయే ప్రతి లెక్చరర్‌నూ చెప్పుల దాకా చూసేది. నెల తిరక్కముందే వేరే ఊళ్ల ముసలమ్మలూ మనవరాళ్ల వెంట చాటలతో దిగారు. అందరికీ కాలేజీ మీద అనుమానం, ఒకరి మీద ఒకరికి ఇంకా అనుమానం, తునికాకు కూడా కొంగు కింద దాచుకునేవాళ్లు. ఊళ్లో నోళ్లు మాత్రం మూతబడ్డాయి. కాపలా ఉన్న పిల్ల గురించి ఏమంటారు?

సరోజన టీచర్ అప్పుడప్పుడు సాయంత్రం వచ్చి మా పక్కన కూర్చునేది. ఒకరోజు నాయినమ్మ అడిగేసింది.

"నిజం చెప్పు పంతులమ్మా, నీకేం లాభం?"

"నేను సదువుకునేటప్పుడు నా ఎంబడి ఎవ్వరు రాలే అవ్వా. ఒక్కదాన్నే పోతుంటి. నువ్వు గీడ కూసుంటె సూద్దామని అస్తున్న."

నాయినమ్మ చాట కాస్త జరిపి ఆమెకు నీడ ఇచ్చింది. నమ్మిందని మాత్రం చెప్పలేను, తెల్లారి మళ్లీ చాటతో బయల్దేరింది. అక్క డిగ్రీ పూర్తయ్యేదాకా బయల్దేరుతూనే ఉంది.

ఇప్పుడు నాయినమ్మ లేదు, టీచరూ లేదు, మా ఇంట్లో బీడీ చుట్టడం ఎవరికీ రాదు. అక్క బిడ్డ నిన్ననే జగిత్యాలలో పీజీలో చేరింది. చెప్పకుండా వెనకే వెళ్లి కాలేజీ గేటు ఎదురుగా నిలబడ్డాను. అక్కడ ఒక కెమెరా ఉంది, మనుషులెవరూ లేరు. ఆ పిల్ల నన్ను చూడనే చూసింది.

"చిన్నమ్మా, గీడేం జేస్తున్నవ్? నా మీద డౌటా?"

నవ్వుకుంటూ లోపలికి పోయింది. నేను గోడ నీడ వెతుక్కుని, సాయంత్రం దాకా అక్కడే కూర్చున్నాను.