హోటల్ గంజి

మా మామగారు నాతో నేరుగా మాట్లాడరు. పెళ్లయి ఇరవై రెండేళ్లయినా అంతే. కాడుగోడిలో రెండు తరాలుగా స్టీలు సామాన్ల అంగడి నడిపిన ఇల్లు వాళ్లది. కోడలితో మామ మాట్లాడటం మర్యాద కాదని పట్టింపు. పప్పులో ఉప్పు తక్కువైతే నా ఎదుటే మా ఆయనతో, "ఉప్పు తక్కువైందని చెప్పప్పా" అంటారు. మా ఆయన నా వైపు తిరిగి అదే మాట చెప్తారు. రెండడుగుల దూరంలో ఉన్న నేను అప్పుడే విన్నట్టు ఉప్పు డబ్బా అందిస్తాను. అత్తగారు పోయాక కూడా ఈ తంతు మారలేదు.

పోయిన చలికాలం మామగారి గొంతుకు ఆపరేషన్ అయింది. మెత్తనిది తప్ప ఏమీ మింగకూడదన్నారు. రాగిజావ తోసేశారు, పాలల్లో నానేసిన బ్రెడ్డు తోసేశారు. మనిషి రోజురోజుకీ చిక్కిపోతుంటే నాకు భయం పట్టుకుంది. మా మేడమీద అద్దెకుండే మణిపూర్ అమ్మాయి, ఒకసారి నాకు జ్వరమొస్తే, అల్లం, సోయా సాస్ వేసిన బియ్యపు గంజి చేసి తెచ్చింది. అది గుర్తొచ్చింది.

పొద్దున ఐదింటికే లేచేదాన్ని. సోనామసూరి నూకల్లో ఒకటికి ఎనిమిది నీళ్లు పోసి, సన్న సెగ మీద గరిటె వదలకుండా తిప్పాలి. రాత్రి నానబెట్టిన అనపగింజల పొట్టు ఒక్కొక్కటిగా పితికి తీసి, ఉడికించి, వెన్నలా మెదిపి అందులో కలపాలి. అల్లం దంచి రసం మాత్రమే పిండాలి, తునక తగిలితే ఆయన గొంతు ఓర్వదు. దించేముందు చెంచాడు సోయా సాస్. వెల్లుల్లి, జీలకర్ర వేయించిన నెయ్యిని వడకట్టి పైన పోయాలి. మణిపూర్ గంజికి మా సీమ తాలింపు. ఎలా వస్తుందో తెలియకుండానే చేశాను.

మొదటి రోజు గిన్నె మా ఆయన తీసుకెళ్లారు. ఖాళీగా తిరిగొచ్చింది. వంటింట్లో నిలబడి సంతోషంతో ఏడ్చాను. అప్పటినుంచి నాకు ఒక్కటే ఆశ. ఎవరి నోటి మీదుగానైనా సరే, "బాగుందని చెప్పప్పా" అన్న మాట నా దాకా రావాలి.

వారం తర్వాత మా ఆడపడుచు అత్తిబెలె నుంచి తండ్రిని చూడటానికి వచ్చింది. మామగారు ఆమెతో, "నా కొడుకు దినామూ హోటల్ నుంచి గంజి తెప్పిస్తా ఉండాడు. అది లేకుంటే ఈ పాటికి పోయిండేవాణ్ణి" అన్నారు. నేను నీళ్ల చెంబుతో గుమ్మంలోనే ఉన్నాను.

ఆ సాయంత్రం మా ఆయన్ని నిలదీశాను. ఆయన కాస్త కూడా తడబడలేదు. నేను కొత్తగా ఏదో చేశానంటే నాన్న ముట్టరని అలా చెప్పారట. తింటున్నారు కదా, ఎవరు చేస్తే ఏమిటి అన్నారు. మర్నాడు ఆఫీసు నుంచి మూతలున్న పార్సిల్ డబ్బాలు తెచ్చి, ఇకమీదట గంజి వీటిలో పోసివ్వమన్నారు. అప్పుడే హోటల్‌దని నాన్న నమ్ముతారట. వాటిని ఆయన మొహాన కొట్టాల్సింది. కడిగి, తుడిచి, నెలన్నరపాటు పోసిచ్చాను.

ఒకరోజు మా ఆయన పెందలాడే పనికి వెళ్లిపోయారు. డబ్బా నేనే తీసుకెళ్లి మామగారి ముందు పెట్టాను. పెట్టి వచ్చేయాలి. అక్కడే నిలబడ్డాను. పెళ్లయ్యాక మొదటిసారి ఆయనతో నేరుగా మాట్లాడాను.

"మామా, ఇది హోటల్‌ది కాదు. మొదటి దినం నుంచీ నేనే చేస్తా ఉండాను."

ఆయన చేతిలో చెంచా ఆగలేదు. గోడ వైపు చూస్తూ, ఆపరేషన్ తర్వాత మిగిలిన ఆ బొంగురు గొంతుతోనే అన్నారు.

"తెలుసు. తెల్లారే అల్లం దంచే సద్దు నాకు ఇనపడదా?" ఇంకో చెంచా మింగారు. "నాకు తెలుసునని వానికి చెప్పొద్దు. చిన్నబోతాడు."

కొడుకు చిన్నబోతాడట. ఐదింటికి లేచి గింజలు పితికిన నేను చిన్నబోవచ్చునని ఆ తండ్రీకొడుకులకు తోచనే లేదు. ఆ అబద్ధం ఇద్దరికీ బాగా కుదిరింది. ఒకరికి తండ్రిని బతికించిన పేరొచ్చింది, ఇంకొకరికి కోడల్ని మెచ్చుకునే బాధ తప్పింది.

మామగారు డబ్బా ఖాళీ చేసి, ఇంకొంచెం వెయ్యమన్నట్టు నా వైపు జరిపారు. వంటింట్లోకి వెళ్లి గిన్నె తెచ్చి వడ్డించాను. వాళ్లిద్దరి మీద కంటే, గరిటె పట్టుకున్న నా చేతి మీదే నాకు ఎక్కువ అసహ్యం వేసింది.