అంకెలు చెరిగిన ఫోను

పెర్సిస్ కీప్యాడ్ ఫోను మీద ఒక్క అంకె కూడా కనపడదు. చెరిపింది ఆమె బొటనవేలే.

కొల్లేటి ఒడ్డున ఈశ్వరప్రసాద్‌గారి చేపల చెరువులో ఇరవై ఏళ్ళుగా మేత వేస్తోంది. నీళ్ళలో పాతిన వెదుళ్ళకు మేత సంచులు కట్టాక, చేపలు తినేదాకా పడవలోనే కూర్చోవాలి. ఆ రెండు గంటలూ ఫోనులో విమానం ఎగిరేది. రెండు నొక్కితే పైకి, ఎనిమిదికి కిందికి, ఐదుకి తూటా.

"పిల్లలాడే ఆట నీకెందుకే?" అని మొగుడు ఎలీయాజరు వెక్కిరించేవాడు. ఒకసారి తనూ ఆడి, మొదటి శత్రువు చేతిలోనే చచ్చి, ఫోను తిరిగిచ్చేశాడు. పెర్సిస్ స్కోరు నలభై రెండు వేలు. ఆ చెరువుగట్ల మీద దాన్ని దాటినవాళ్ళు లేరు.

పోయిన నెల వానలో తడిసి తెర ఆరిపోయింది. మాట మాత్రం వినిపిస్తుంది. ఏలూరులో రిపేరు షాపుకి తీసుకెళ్తే "పారేయండమ్మా" అన్నారు. ఆమె పారేయలేదు.

ఆ మధ్యాహ్నం మబ్బు పట్టి గాలి ఆగిపోయింది. చేపలు గుంపులుగా పైకొచ్చి నోళ్ళు తెరుస్తున్నాయి. నీళ్ళకి గాలి పట్టించే ఏరేటర్లు తిరక్కపోతే గంటలో చచ్చిన చేపలతో చెరువు తెల్లబడుతుంది. వాటిని తిప్పే మోటారు పెట్టె అవతలి గట్టు మీద ఉంది. దారి వానకి తెగిపోయింది. ఆ పెట్టెలోనూ ఒక సిమ్ము ఉంది, కానీ ఫోను చేసి తిప్పుదామంటే అది రెండు నంబర్లకే పలుకుతుంది. ఈశ్వరప్రసాద్‌గారిది స్విచ్చాఫ్. రెండోది పెర్సిస్‌ది.

ఆయన కొడుకు భానుప్రకాష్ పరుగెత్తుకొచ్చాడు. "మీ సిమ్ము నా ఫోన్లో వేద్దామండీ."

"నాది పాతకాలం పెద్ద సిమ్ము బాబూ, అందులో పట్టదు."

అతను ఆమె ఫోను అటూ ఇటూ తిప్పి చూశాడు. "తెర లేదు, అంకెల్లేవు. దీంతో ఏం చేస్తామండీ?"

"ఇలా ఇచ్చి, మోటారు నంబరు చదవండి."

అతను చదివాడు. ఆమె చూపు నీటి మీదే ఉంది, వేలు దాని దారిన అది నడిచింది.

"హలో, ఎవరండీ?" అంది ఎవరో ముసలాయన గొంతు.

కంగారులో వేలు అలవాటుగా ఐదు మీద ఒక తూటా ఎక్కువ పేల్చింది! "ఏం అనుకోకండి, తప్పు నంబరొచ్చిందండీ," అని పెట్టేసి మళ్ళీ నొక్కింది. ఈసారి, "మోటారు ఆన్ చేయుటకు ఒకటి నొక్కండి," అని వినిపించింది.

నొక్కింది. అవతల గట్టు దగ్గర నీళ్ళు తెల్లగా ఎగిశాయి.

చేపలు ఒక్కొక్కటే కిందికి దిగుతుంటే భానుప్రకాష్ ఊపిరి పీల్చుకున్నాడు. "ఎన్నాళ్ళ ప్రాక్టీసండీ ఇది?"

"నలభై రెండు వేలు బాబూ."

"అంటే?"

పెర్సిస్ ఫోను కొంగున తుడిచి నడుమున దోపుకుంది.

"మా ఆయన్ని అడగండి, చెప్తాడు."