నడక పట్టినవాడు

జనగామలో నేను పాఠాలు చెప్పే బడి ఎదుట రేడియోలు బాగుచేసే అతను, దుకాణం మెట్లెక్కిన ప్రతివాళ్లనీ ముందు ఒకటే అడిగేవాడు: "జర నడిచి చూపియ్యవా?"

ఎనభైల చివర ఇంట్లో వాడుకునే చిన్న కంప్యూటర్ ఒకటి హైదరాబాద్ నుంచి తెచ్చి, వారం తిప్పలుపడి పాత టీవీకి తగిలించాడు. ఆట నింపిన క్యాసెట్ కీచుమంటూ తిరిగితే కొట్లాట ఆట తెరమీదికొచ్చేది. అందులో కొట్టుకునే మనుషులను మనమే గీసి ఎక్కించుకోవచ్చు. అతను గ్రాఫు పుస్తకంలో గళ్లు నింపుతూ ఊరివాళ్లందరినీ దించేవాడు.

"గీ గళ్లల్ల మొఖం రాదు సార్, నడక పట్టాలె," అనేవాడు.

అడవి పక్క గంగారం నుంచి రేడియో తెచ్చిన ఒకాయన కుడికాలు ఈడ్చి నడిచేవాడు. ఆయన్నీ పట్టాడు. ఎదుటి పేజీలో ఆయనకు జోడీగా నన్ను గీశాడు.

ఒక మధ్యాహ్నం దుకాణమతనూ నేనూ ఆడుతుంటే మామూలు బట్టల్లో ఇద్దరు పోలీసులు లోపలికొచ్చారు. తెరమీద కాలీడుస్తున్న బొమ్మ దగ్గర వాళ్ల చూపు ఆగింది.

"వీడు గిక్కడికెప్పుడొచ్చిండు?"

అతను టీవీ ఆపేశాడు. వాళ్లు గ్రాఫు పుస్తకం చంకలో పెట్టుకుని వెళ్లిపోయారు.

నేను మెట్లు దిగుతుంటే వెనక నుంచి అతని గొంతు మెల్లగా వినిపించింది.

"సార్, ఇగ జర వేరే తీరుగ నడువుండ్రి."