కామెర్ల సర్టిఫికెట్

వెంకాయమ్మ ఏ విషయంలోనూ ఒక్కదాన్ని నమ్ముకునే మనిషి కాదు. నూజివీడు చుట్టుపక్కల మామిడి తోటల్లో కాయలు ఏరి, గడ్డి పరిచి పెట్టెల్లో సర్దడం ఆమె పని. పెట్టెకు ఒక తాడు చాలని యజమాని మొత్తుకున్నా రెండోది బిగించేది. ఆధార్ కార్డు అడిగిన చోట రేషన్ కార్డు కూడా తీసి పెట్టేది. ఆఫీసుల చుట్టూ తిరిగి తిరిగి నేర్చుకున్న తెలివి అది. ఆ తెలివే కూతురి కొంప ముంచింది.

కూతురు స్వాతి డిగ్రీ చివరి సంవత్సరం చదువుతోంది. కబడ్డీలో యూనివర్సిటీ జట్టుకు ఎంపికై, క్యాంపుకూ పోటీలకూ కలిపి అయిదు వారాలు వెళ్ళింది. ఆటల మాస్టారు సువర్ణరాజు సెలవు ఉత్తరం రాయించాడు, ప్రిన్సిపాల్ సంతకం పెట్టాడు. అంతా సవ్యంగానే ఉంది. వెంకాయమ్మకే మనసొప్పలేదు. ఆటలకెళ్ళిన పిల్లకు సెలవేమిటని రేపెవరైనా అంటేనో? విస్సన్నపేటలో ఒక డాక్టరు చేత, పిల్లకు కామెర్లని సర్టిఫికెట్ రాయించి, స్వాతికి చెప్పకుండా కాలేజీ ఆఫీసులో ఇచ్చి వచ్చింది. అందులో ఆమెకు తప్పేమీ కనిపించలేదు. మామిడి కోతలకు కూలికెళ్ళే ఈ ప్రాంతం పిల్లలంతా కామెర్లనో టైఫాయిడనో కాగితం తెస్తారని తెలియని గుమాస్తా ఉంటాడా?

ఈలోగా ప్రిన్సిపాల్ మారాడు. హాజరు డెబ్బై అయిదు శాతం లేదని స్వాతి హాల్ టికెట్ ఆపేశారు. "సెలవిచ్చినంత మాత్రాన హాజరు ఇచ్చినట్టు కాదమ్మా" అన్నాడు కొత్తాయన. పరీక్ష రాయకపోతే డిగ్రీ ఆగిపోతుంది. డిగ్రీ లేకపోతే క్రీడాకారుల కోటాలో పెట్టిన ఉద్యోగం దరఖాస్తు కూడా చెల్లదు.

స్వాతి తరఫున లాయరు పాండురంగారావు హైకోర్టులో రిట్ వేశాడు. యూనివర్సిటీ తరఫున ఆడిన రోజుల్ని హాజరుగా లెక్కించాలని నిబంధనే ఉందని, కేసు గట్టిదని ధైర్యం చెప్పాడు. కాలేజీ వాళ్ళు జవాబు దాఖలు చేసేసరికి ఆ ధైర్యం కాస్తా జావగారిపోయింది. దానికి కామెర్ల సర్టిఫికెట్ జతచేసి ఉంది. అవే తేదీలు.

"ఏమ్మా, మీ అమ్మాయి మంచంలో ఉందా, కబడ్డీ ఆడిందా? రెండూ ఒకేసారి ఎలా కుదురుతాయి?" అన్నాడు లాయరు.

స్వాతి తల్లి వంక చూసింది. "నన్నొక్క మాట అడగొచ్చుగా" అంది. ఆ తర్వాత మాట్లాడటమే మానేసింది. ఒకే ఇంట్లో ఉంటూ, పెట్టిన అన్నం తింటూ, నోరు విప్పలేదు.

సోమవారం పరీక్షనగా శుక్రవారం కేసు పిలిచారు. అబద్ధపు కాగితం పెట్టినవాళ్ళకు కోర్టు సాయం చేయకూడదని కాలేజీ లాయరు గట్టిగా వాదించాడు. పాండురంగారావు ఏదో చెప్పబోతే జడ్జిగారు ఆపారు.

"ఒక కాగితం అబద్ధమైతే, రెండోది నిజమని నేనెలా నమ్మాలి?"

స్వాతి తల దించుకుంది. వెనక వరసలో నిలబడిన వెంకాయమ్మ ఇక ఆగలేక ముందుకొచ్చింది.

"పిల్లకి కామెర్లు రాలేదండీ. ఆ కాగితం నేనే రాయించానండీ. దానికి తెలీదు."

ఎవరో ఆమెను వెనక్కి లాగబోయారు. జడ్జిగారు వద్దన్నట్టు చెయ్యెత్తారు.

"ప్రిన్సిపాల్ సంతకం ఉండగా ఇదెందుకు తెచ్చావమ్మా?"

"ఒక్క కాగితం పట్టుకెళ్తే మమ్మల్ని ఎక్కడా నమ్మలేదండీ."

"దొంగ సర్టిఫికెట్ ఇచ్చినందుకు నీ మీద కేసు పెట్టొచ్చు, తెలుసా?"

"లాయరుగారు చెప్పారండీ. పెట్టండి. పిల్లని మాత్రం పరీక్ష రాయనివ్వండి."

జడ్జిగారు కాసేపు కాగితాలు తిరగేసి, పక్కన రాసుకుంటున్నతనికి ఇంగ్లీషులో ఏదో చెప్పడం మొదలెట్టారు. ఎంతకీ అవ్వదు. వెంకాయమ్మకు ఒక్క ముక్క అర్థం కాలేదు. లాయరు ముఖం చూసింది, ఏమీ తెలియలేదు. కూతురి ముఖం చూసింది. స్వాతి కళ్ళ నిండా నీళ్ళు. అంతా అయిపోయిందనుకుంది వెంకాయమ్మ. పోలీసులు ఏ తలుపులోంచి వస్తారో అని అటూ ఇటూ చూసింది.

స్వాతి వచ్చి ఆమె చెయ్యి పట్టుకుంది. "ఆడిన రోజులు హాజరేనట, పరీక్ష రాయమన్నారమ్మా. నీ మీద కేసేం లేదన్నారు."

వెంకాయమ్మకు అక్కడే కూలబడాలనిపించింది. కోర్టులో కూర్చుంటే ఏమంటారోనని, కూతురి భుజం పట్టుకుని అలాగే నిలబడింది.