తప్పంతా బండిదే

మా తాత మొగులయ్య డెబ్బై దాటిన తన జీవితంలో మనిషి తప్పు చేయడం ఒక్కసారి కూడా చూడలేదు. లోకంలో తప్పులన్నీ వస్తువులే చేస్తాయని ఆయన నమ్మకం. మామూలు నమ్మకం కాదు, ఎదుటివాడు ఒప్పుకునేదాకా వదిలిపెట్టని నమ్మకం.

మా నాయనమ్మ నర్సింహమ్మ ఈ కాపురంలో ఎన్నిసార్లు పప్పు మాడబెట్టిందో మా ఊరు లక్డారంలో వాడకట్టు మొత్తానికి ముక్కుల ద్వారా తెలుసు. తాత లెక్కలో మాత్రం ఆమె ఒక్కసారీ మాడబెట్టలేదు. "గిన్నె అడుగు పల్సగైంది" అంటాడు. ఆ మాట మీద మా ఇంట్లో మూలపడ్డ గిన్నెలతో ఒక పెళ్లికి వంట చేయొచ్చు.

నేను ఇంటర్లో ఫిజిక్స్ తప్పినప్పుడు ఇంట్లో అందరూ నా మీద పడ్డారు. తాత ఒక్కడే చొక్కా తొడుక్కుని కాలేజీకి బయల్దేరాడు.

"మా రుచిత మార్కులేసిన కంప్యూటర్ ఏది? జెర సూపెట్టున్రి" అని ఆఫీసులో బైఠాయించాడు. మార్కులు ఇక్కడ వేయరని చెప్పినా కదలకపోతే, పోనీలే పెద్దాయన అని బల్ల మీద ఉన్న కంప్యూటరొకటి చూపించారు. తాత దాన్ని పైనుంచి కిందిదాకా చూసి, "గిదా! దీని మొకమే జెప్తున్నది" అని తిరిగొచ్చాడు.

మరుసటి ఏడు నేను మళ్లీ తప్పాను. తాత నిట్టూర్చి, "ఇంకా రిపేరు జేపియ్యలేదా వాళ్లు!" అన్నాడు. అంతటి కంప్యూటర్‌ను నమ్ముకుని ఏం చదువుతామని నేను చదువు మానేశాను.

మా నాన్న జంగయ్యది సరిగ్గా దీనికి తిరగేసిన మతం. పటాన్‌చెరులో ఒక ఫ్యాక్టరీలో క్రేన్ నడుపుతాడు. "బండి ఎన్నడు తప్పు జెయ్యది, మనిషే జేస్తడు" అన్నది ఆయన మంత్రం. క్రేన్ ఎక్కిన నాటి నుంచి ఎక్కడా ఒక్క గీత పడనివ్వలేదని ఆయన గర్వం. ఆయన మతంలో మినహాయింపు ఒక్కటే ఉంది. మీసాలు మొలిచే వయసులో మా ట్రాక్టర్‌ను తీసుకెళ్లి ఊరి కల్లు దుకాణం గోడలో దూర్చాడు. "అది నా తప్పు గాదు, బ్రేకు ఫెయిలైంది" అంటాడు. ఊరంతా ఒప్పుకున్న సంగతే అది. ఎందుకంటే ఆరోజు ఇల్లిల్లూ తిరిగి ఊరికి చెప్పింది మా తాత.

ఈ రెండు మతాలకూ యుద్ధం కారు వల్ల వచ్చింది.

నాన్న కొన్న కారుకు ఆటో హోల్డ్ అని ఒక సౌకర్యం ఉంది. దాని బటన్ నొక్కి పెట్టుకుంటే, బండి ఆగాక మనం బ్రేకు మీది నుంచి కాలు తీసినా కదలదు. బ్రేకును అదే పట్టుకుని కూర్చుంటుంది, చిన్న పచ్చలైటు వెలుగుతుంది. యాక్సిలరేటర్ తొక్కితే వదులుతుంది. మా అమ్మ సునందకు ఆ పచ్చలైటంటే ప్రాణం. ఆమె పాశమైలారంలో మందుల కంపెనీలో పనిచేస్తుంది. ఇన్నేళ్లూ ఆటోలు మారి, ఎండలో నిలబడి, డ్రైవర్ పక్కన సగం సీటు మీద వేలాడుతూ పోయిన మనిషి. నలభై దాటాక పట్టుబట్టి డ్రైవింగ్ నేర్చుకుంది. నాన్నకు వారం వారం మారే షిఫ్టులు, వాళ్ల కంపెనీ బస్సు ఉంది కాబట్టి కారు అమ్మ చేతికొచ్చింది. డ్యూటీకి పాటలు పెట్టుకుని పోయి పాటలు పెట్టుకుని వచ్చేది. పనికి పోతూ మా అమ్మ నవ్వడం నేను అప్పుడే మొదటిసారి చూశాను.

ఒకరోజు తాతకు కళ్లద్దాలు మార్పించాలని ఆయన్ని ముందు సీట్లో, నన్ను వెనక సీట్లో ఎక్కించుకుంది. మా ఊరి రోడ్డు హైవే మీదికి ఎక్కే మిట్ట దగ్గర ఒక ట్రైలర్ లారీ అడ్డం తిరిగి బండ్లన్నీ ఆగిపోయాయి.

"ఇంజన్ బందు జెయ్ బిడ్డా, దండుగ" అన్నాడు తాత. అమ్మ బందు చేసింది. కాసేపటికి ముందు లారీ కదిలేలా ఉంటే స్టార్ట్ చేసి, ఆటో హోల్డ్ పట్టుకునే ఉందన్న ధీమాతో బ్రేకు మీది నుంచి కాలు తీసింది. కారు ఎవరో పేరు పెట్టి పిలిచినట్టు వెనక్కి బయల్దేరింది.

వెనక ఇరవై లీటర్ల నీళ్ల బబుల్స్ మోసే ట్రాలీ ఆటో ఉంది. ఢామ్మంది. బబుల్స్ ట్రాలీ దిగి, మిట్ట మీది నుంచి లక్డారం వైపు ఒకదాని వెనక ఒకటి స్కూలు పిల్లల్లా దొర్లుకుంటూ పోయాయి. మనుషులకు ఏమీ కాలేదు. మా బంపర్ మాత్రం ఎడమవైపు దవడ వాచినట్టయింది.

ట్రాలీ అతను దూకి వచ్చాడు. "ఏం డ్రైవింగమ్మా ఇది? ఎవలిచ్చిండ్రు నీకు లైసెన్సు?"

తాత అప్పటికే దిగి మధ్యలో నిలబడ్డాడు. కారు డిక్కీ మీద ఫెడేల్మని ఒకటి కొట్టి, "అడుగుతే దీన్నడుగు! నా కోడల్ని ఏమడుగుతవ్?" అన్నాడు.

ఆ మనిషి నిజంగానే ఒక్క క్షణం కారు వైపు చూశాడు. మా తాతతో మాట్లాడితే అందరికీ జరిగేది అదే.

దారిలో అమ్మ మెల్లగా అంది. "మామా, నేను మల్ల బటన్ నొక్కలేదు గావచ్చు."

"నొక్కినవ్. నేను సూసిన."

"నీకు కండ్లు కనబడ్తలేవనే గద అద్దాల దుకాణానికి పోతున్నం?"

"గది కనబడ్డది" అన్నాడు తాత. అంతటితో విచారణ ముగిసింది.

నాన్న దగ్గర ముగియలేదు. సాయంత్రం బంపర్ చుట్టూ రెండుసార్లు తిరిగి, కారు తాళం తన జేబులో వేసుకున్నాడు. "ఇగ వద్దు. ఇయ్యాల బబుల్స్ మీదికి పోయినవ్, రేపు మనుషుల మీదికి పోతవ్. ఆటోల పో."

అమ్మ లోపలికి పోయి పాత హ్యాండ్‌బ్యాగు, గొడుగు తీసి దులిపింది. ఆ దులపడం చూసి తాత లేచాడు.

"ఏందిరా జంగయ్యా! బండి తప్పు జేస్తే ఆమెకు శిక్షా?"

"బండి తప్పు జెయ్యది నాయినా."

"జేసింది!"

"అయితే సర్వీసోళ్లను జెప్పమను. బండిల ఖరాబున్నదని వాళ్ల నోటెంబడి వస్తే తాళం ఆమెకే ఇస్త. లేకుంటే నా జేబులనే ఉంటది."

"పట్టు పందెం!" అన్నాడు తాత, కుస్తీకి పిలిచినట్టు.

సర్వీస్ సెంటర్‌కు ఇంటిల్లిపాదీ పోయాం. నాన్న తాత మాట నమ్మడు కాబట్టి వచ్చాడు. నాయనమ్మ అక్కడ ఏసీ ఉంటుందని వచ్చింది. రాగానే కాఫీ మిషన్ కింద కప్పు పెట్టకుండా బటన్ నొక్కింది. కాఫీ నేలపాలైంది. "దీనికి ఓపిక లేదు" అని తాత మిషన్‌ను తిట్టాడు.

మా బండి చూసినవాడు సుధీర్ అని పటేల్‌గూడ కుర్రాడు. వాళ్ల తాతగారు ఎప్పుడో కోస్తా నుంచి ఫ్యాక్టరీ ఉద్యోగానికి వచ్చారట. ఊరు మారినా మాటలో 'అండీ' మారలేదు. కారుకు ఒక వైరు తగిలించి, చేతిలో పలకలాంటి స్కానర్ చూసుకుని, "ఫాల్టేమీ చూపించట్లేదండీ తాతగారూ" అన్నాడు.

"గా స్కానర్‌ను ఎవరు స్కాన్ చేసిండ్రు?"

సుధీర్ అలాంటి ప్రశ్న ఎన్నడూ వినలేదనుకుంటాను. తలగోక్కుని, ఓపికగా మొదలుపెట్టాడు. "చూడండీ, డ్రైవర్ బెల్టు పెట్టుకోవాలి, తలుపు మూసి ఉండాలి, బటన్ నొక్కాలి. అప్పుడే ఇది పట్టుకుంటుంది. బ్రేకు పెడల్ స్విచ్చి చూశాను, తలుపు స్విచ్చి చూశాను, బెల్టు బక్కిల్లో స్విచ్చి చూశాను. బ్యాటరీ కూడా బాగుంది. అన్నీ శుభ్రంగా ఉన్నాయండీ."

"కూసోబెట్టి సూస్తే అందరు శుభ్రంగనే ఉంటరు. నడిపిచ్చి సూడు."

సెంటర్ వెనక చిన్న ఏటవాలు ఉంది. సుధీర్ నడిపాడు, తాత పక్కన కూర్చున్నాడు, అమ్మా నేనూ వెనక కూర్చున్నాం. ఏటవాలు మీద ఆపాడు. పచ్చలైటు వెలిగింది. సుధీర్ కాలు తీశాడు. కారు రాయిలా నిలబడింది. తాత ముఖం వాడిపోయింది. నా ఫిజిక్స్ మార్కులు చూసినప్పుడు కూడా అంత వాడిపోలేదు.

"ఇంకొకసారి" అన్నాడు.

రెండోసారి ఆపగానే పచ్చలైటు వెలిగింది, ఒక్క క్షణం ఆగి టప్పున ఆరిపోయింది. బండి కుయ్యోమని మొత్తుకుంది. సుధీర్ గబుక్కున బ్రేకు తొక్కాడు.

"సూసినవా!" తాత అరుపుకు పక్క షెడ్డులో ఎవరో పానా జారవిడిచారు. "పట్టినట్టే పట్టి ఇడిసింది! గిదే జేసింది ఆనాడు!"

మూడోసారీ అదే జరిగింది. సుధీర్ ముఖంలో రంగు మారింది. నేను వెనక నుంచి తొంగిచూశాను. తాత తువ్వాలు డ్రైవర్ సీటు వైపు పరుచుకుని ఉంది. ఆయన కుడిచెయ్యి దాని కిందికి పోయింది. తువ్వాలు కింద, సుధీర్ బెల్టు బక్కిల్ మీద, మా తాత బొటనవేలు ఉంది!

అమ్మను మోచేత్తో పొడిచాను. అమ్మ కూడా చూసింది. "మామా..." అనబోతే, తాత ముందు అద్దంలోంచి మా ఇద్దరి వైపూ ఒక చూపు చూశాడు. నోళ్లు మూసుకున్నాం.

లోపలికి రాగానే తాత గెలిచిన పహిల్వాన్‌లా నాన్న ముందు నిలబడ్డాడు. "తాళం తియ్."

"ఒక్క నిమిషమండీ" అన్నాడు సుధీర్ స్కానర్ తిప్పి చూపిస్తూ. "ఆటో హోల్డ్ ఎందుకు వదిలిందో ఇది చెబుతుందండీ. లైటు ఆరిన రెండుసార్లూ నా బెల్టు ఊడింది. నేనైతే ఊడదీయలేదు. తాతగారి తువ్వాలు దాని మీద లేనప్పుడు మాత్రం ఊడలేదు." ఆ మాట అంటూ నవ్వు ఆపుకోలేక స్కానర్ అడ్డం పెట్టుకున్నాడు.

నాన్న తాత వైపు చూశాడు. "నాయినా!"

"బక్కిల్ లూజున్నది" అన్నాడు తాత. రెప్ప కూడా వేయలేదు.

"కాదు" అంది అమ్మ. ఇంట్లో అమ్మ గొంతు అంత గట్టిగా నేనెప్పుడూ వినలేదు. "ఇంజన్ బందు జేసి మల్ల స్టార్ట్ జేస్తే బటన్ మల్ల నొక్కాలె. నేను నొక్కలే. తప్పు నాదే. బండిని ఏమనకున్రి, మామను గూడ ఏమనకున్రి."

"నువ్వు నొక్కినవ్!" అని తాత గర్జించాడు.

"చాలామంది మరిచిపోతారండీ అది" అని సుధీర్ అన్నాడు కానీ, ఎవరూ వినలేదు. నాన్న తాళం ఉన్న జేబు మీద చెయ్యి పెట్టుకుని, "ఇగ అయిపోయింది గద. నడువున్రి" అన్నాడు. అమ్మ హ్యాండ్‌బ్యాగు సర్దుకుంది.

అప్పుడు సోఫాలోంచి నాయనమ్మ, మూడో కాఫీ ఊదుకుంటూ, ఎవరితోనూ కాదన్నట్టు అంది. "గీయన సంగతి నాకెర్క లేదా? ఆనాడు ట్రాక్టర్ మేస్త్రీ గూడ గిట్లనే అనె. బ్రేకులు సక్కగున్నయి, ఏం కాలేదు అనె."

నాన్న నడుస్తున్నవాడు ఆగాడు. "ఏ ట్రాక్టర్?"

"మనకెన్ని ట్రాక్టర్లుండెరా?"

క్రేన్ జంగయ్య, ఒక్క గీత పడనివ్వని జంగయ్య, మెల్లగా తాత వైపు తిరిగాడు.

"నాయినా, బ్రేకు ఫెయిలైందంటివి గద?"

"అయ్యింది."

"మేస్త్రీ బాగున్నదన్నడట గద?"

"వాని పానా మంచిది గాదు."

నాన్నకు నవ్వాలో ఏడవాలో తెలియలేదు. చివరికి అడిగాడు. "మరి గోడ ఇరగ్గొట్టినోనికి తెల్లారి మల్ల తాళమెందుకిచ్చినవ్?"

తాతకు ఈసారి నిజంగా కోపమొచ్చింది. ఇంత చిన్న సంగతి ఇంత పెద్దవాడికి అర్థం కాకపోవడమేమిటన్నట్టు చూశాడు. "ఏందిరా నీ లొల్లి! బండి తప్పు జేస్తే నిన్నెందుకు ఇంట్ల కూసోబెడ్త?"

నాన్న కిటికీలోంచి మా కారు వైపు చూశాడు. దాని వాచిన దవడ వైపు చూశాడు. తర్వాత గొంతు సవరించుకుని సుధీర్‌తో అన్నాడు. "సారూ, హైవే ఎక్కే కాడ ఒక మిట్ట ఉంటది. మస్తు ఖరాబు మిట్ట. తప్పంతా దానిదే."

ఆ మాటంటూనే జేబులోంచి తాళం తీసి అమ్మ చేతిలో పెట్టాడు.

"నేను మొదటి నుంచి అదే అంటున్న" అన్నాడు తాత. ఆయన మిట్ట గురించి ఒక్క ముక్క కూడా అనలేదు.

తిరుగు ప్రయాణంలో అమ్మ నడిపింది, తాత ముందు కూర్చున్నాడు. అటు నాయనమ్మ, ఇటు నేను, మధ్యలో క్రేన్ డ్రైవర్ నలిగి కూర్చున్నాడు. బయల్దేరేముందు అమ్మ బటన్ నొక్కి, అందరికీ వినబడేలా "నొక్కిన" అంది. మొదటి సిగ్నల్ దగ్గర పచ్చలైటు వెలిగింది. అమ్మ కాలు తీసి, రెండు చేతులూ ఒళ్లో పెట్టుకుని పాట పెట్టింది.

పాట పైన ఇంకో చప్పుడు మొదలైంది. టింగ్, టింగ్, టింగ్.

"మామా, బెల్టు పెట్టుకోలె నువ్వు" అంది అమ్మ.

తాత బెల్టును రెండు వేళ్లతో ఛాతీ మీద పట్టుకుని, ఎదురుగా రోడ్డు వైపు నిటారుగా చూస్తూ చెప్పాడు.

"పెట్టుకున్న బిడ్డా. దానికే కనబడ్తలేదు."